చుక్క గుర్తు ఆటలు



ఏటా ఏప్రిల్ మూడోవారంలో కెనడా, అమెరికాల్లోని ఐస్ హాకీ అభిమానులు ఒక పట్టిక కోసం కాచుకుని కూర్చుంటారు. నేషనల్ హాకీ లీగ్ ప్లేఆఫ్ షెడ్యూలు అది. అప్పటికి ఒక్కో జట్టు 82 ఆటలు ఆడేసి ఉంటుంది. ఆ చివరి ఆటలు ముగుస్తూ ఉండగానే పట్టిక బయటికొస్తుంది. ఎనిమిది జంటలు, జంటకు ఏడేసి ఆటలు, తేదీలు, వేళలు, ఊళ్ల పేర్లు. పైపైన చూస్తే మామూలు పట్టికే. కాస్త కిందికి దిగితే అయిదో ఆట పక్కన ఒక చుక్క గుర్తు కనిపిస్తుంది. ఆరో ఆట పక్కన ఒకటి, ఏడో ఆట పక్కన ఇంకొకటి. అడుగున చిన్నక్షరాల్లో ‘అవసరమైతేనే’ అని ఉంటుంది. చుక్క ఉన్నచోట తేదీ ఉంటుంది గానీ చాలాసార్లు వేళ ఉండదు. తర్వాత చెబుతాం అంటారు.

నేను రైల్వేలో పనిచేసి రిటైరైనవాణ్ణి. టైంటేబుల్ అన్నాక బండి వచ్చినా రాకపోయినా కాగితం మీద వేళ ఉండి తీరాలన్న పట్టుదల మాది. అలాంటివాడికి ఈ చుక్కల పట్టిక మొదట్లో మహా చిరాకు తెప్పించింది. ఇప్పుడు ఆటకంటే ఆ పట్టికే ఎక్కువ ఇష్టం. ఇవాళ దాని గురించే నాలుగు మాటలు చెబుతాను.

ఆట సంగతి క్లుప్తంగా చెప్పేస్తాను. మనకు హాకీ అంటే పచ్చిక మైదానం, ధ్యాన్‌చంద్. అక్కడ హాకీ అంటే మంచు. గడ్డకట్టిన నేల మీద కత్తిలాంటి అంచున్న బూట్లతో జారుతూ, పక్ అనే నల్లటి రబ్బరు బిళ్లను కర్రతో కొడతారు. వైపుకి ఆరుగురు, అందులో ఒకడు గోల్ కాచే గోలీ. ఇరవయ్యేసి నిమిషాల భాగాలు మూడు. మన దేశంలో ఇది లేదనుకునేరు. లద్దాఖ్‌లో చెరువులు గడ్డకడితే చాలు, పిల్లలు కర్రలు పట్టుకుని దిగిపోతారు. 2025లో మన అమ్మాయిల జట్టు ఆసియా కప్పులో కాంస్యం కూడా తెచ్చింది.

లీగులో 32 జట్లు. వాటిలో 16 ప్లేఆఫ్‌కు వస్తాయి. జంటలో ముందుగా నాలుగు ఆటలు గెలిచినవాళ్లు పైకి వెళతారు, ఓడినవాళ్లు ఇంటికి పోతారు. ఇలా నాలుగు అంచెలు. అంటే కప్పు చేతికి రావాలంటే 16 గెలుపులు కావాలి. ఏప్రిల్ మూడోవారంలో మొదలై జూన్ రెండోవారమో మూడోవారమో, ఒక్కోసారి నాలుగోవారమో దాకా, రెండు నెలలు, ఈ యజ్ఞం నడుస్తుంది. ఆ కప్పు పేరు స్టాన్లీ కప్. కెనడా గవర్నర్ జనరల్‌గా ఉన్న లార్డ్ స్టాన్లీ 1892లో ఇచ్చాడు. మరుసటి ఏడాది నుంచి దానికోసం కొట్టుకుంటూనే ఉన్నారు.

వెనకటికి ఇంత పొడుగు లేదు. ఆరే జట్లున్న రోజుల్లో రెండే అంచెలు, ఎనిమిది గెలుపులు చాలు. 1952 ఏప్రిల్‌లో డెట్రాయిట్ జట్టు ఒక్కటీ ఓడకుండా గెలుచుకుపోతుంటే, ఆ ఊళ్లో చేపల వ్యాపారం చేసే కుసిమానో అన్నదమ్ములకు ఒక ఆలోచన వచ్చింది. ఎనిమిది గెలుపులకు ఎనిమిది కాళ్లున్న ఆక్టోపస్ సరిగ్గా సరిపోతుంది కదా అని, ఒకదాన్ని పట్టుకెళ్లి ఆట మధ్యలో మంచు మీదికి విసిరేశారు. జట్టు వరసగా ఎనిమిదీ గెలిచింది. ఇప్పుడు 16 గెలుపులు కావాలి. అయినా డెట్రాయిట్ వాళ్లు ఆక్టోపస్‌లు విసరడం మానలేదు. లెక్కప్రకారం ఇప్పుడు రెండేసి విసరాలి!

సరే, చుక్క దగ్గరికి వస్తాను. నాలుగు గెలిస్తే చాలు కాబట్టి మొదటి నాలుగు ఆటలే ఖాయం. ఒకే జట్టు నాలుగూ గెలిచేస్తే అయిదో ఆట లేదు. మూడు ఒకరు, ఒకటి ఒకరు గెలిస్తే అయిదో ఆట ఉంటుంది, ఆరోది ఉంటుందో లేదో తెలియదు. అభిమాని ఏంచేస్తాడు? చుక్క ఉన్న ఆటకు కూడా టికెట్టు కొంటాడు. ఆట పడకపోతే డబ్బు వెనక్కి వస్తుంది. మన వెయిటింగ్ లిస్టు టికెట్టు చూడండి, అచ్చం అలాంటిదే. కాకపోతే ఇందులో ఒక తమాషా ఉంది. వెయిటింగ్ లిస్టులో ఉన్నవాడు కన్ఫర్మ్ కావాలనే కోరుకుంటాడు. ఇక్కడ తన జట్టు మూడు ఆటలు ముందున్నవాడు, చేతిలో ఉన్న టికెట్టు కన్ఫర్మ్ కాకూడదని దేవుడికి మొక్కుకుంటాడు.

ఈ బాధ నాకు ఇంట్లోనే తెలిసొచ్చింది. మా అబ్బాయి ఎడ్మంటన్‌లో ఉద్యోగం చేస్తున్నాడు. కెనడాలో పశ్చిమాన, చలికి పేరుపడిన ఊరు. అక్కడి జట్టు ఆయిలర్స్. మా చెల్లెలి కూతురు డాలస్ పక్కన ఫ్రిస్కోలో ఉంటుంది. ఆ చుట్టుపక్కల తెలుగువాళ్లు ఎంతమంది ఉన్నారో మీకు నేను చెప్పక్కర్లేదు. డాలస్ జట్టు స్టార్స్ సాధన చేసేది కూడా ఆ ఫ్రిస్కోలోనే. విధి చూడండి, 2024లోనూ 2025లోనూ పశ్చిమ విభాగం చివరి పోరులో తలపడింది ఈ రెండు జట్లే. మా కుటుంబం వాట్సాప్ గ్రూపులో పండగ ఫొటోలు పోయి స్కోర్లు వచ్చాయి. బావా మరదళ్లిద్దరూ మాటకు మాట అనుకోవడం, పెద్దవాళ్లం మధ్యలో దూరి సర్దిచెప్పడం.

2025లో మొదటి ఆట డాలస్‌లో. చివరి ఇరవై నిమిషాల్లో అయిదు గోల్స్ కొట్టి డాలస్ 6-3తో గెలిచింది. ఆ ఊపులో మా మేనకోడలు ఏడో ఆటకు టికెట్టు కొనేసింది. “ఏడోది మా ఊళ్లోనే మావయ్యా, అప్పటిదాకా వస్తుంది చూడు” అంది. రాలేదు. ఎడ్మంటన్ వరసగా నాలుగు గెలిచి అయిదో ఆటతోనే ముగించింది. పాపం ఆ పిల్ల టికెట్టు డబ్బులు వెనక్కి వచ్చాయని ఏడ్చిందో, ఆట పోయిందని ఏడ్చిందో నేనడగలేదు. మా అబ్బాయి మాత్రం ఆ వారమంతా గ్రూపులో నోరు మూసుకుని ఉన్నాడు. వాడి పెంపకం అంత చెడిపోలేదు.

ఈ పట్టిక తయారుచేసేవాళ్ల పని తలుచుకుంటే నాకు జాలేస్తుంది. ఏ రెండు జట్లు తలపడతాయో చివరి రాత్రి దాకా తెలియదు. తెలిశాక ముందు చూడాల్సింది స్టేడియం ఖాళీగా ఉందా లేదా అని. చాలా ఊళ్లలో హాకీకీ బాస్కెట్‌బాల్‌కీ ఒకటే భవనం. బోస్టన్, న్యూయార్క్, టొరంటో, డాలస్ అన్నీ అంతే. బాస్కెట్‌బాల్ ప్లేఆఫ్‌లు కూడా సరిగ్గా ఈ రెండు నెలల్లోనే వస్తాయి. పాటల కచేరీలు ఏడాది ముందే బుక్ అయిపోయి ఉంటాయి.

2012 మే నెలలో లాస్ ఏంజిలిస్‌లో జరిగింది వినండి. ఆ ఊళ్లో ఒకే పైకప్పు కింద మూడు జట్లు ఉండేవి. బాస్కెట్‌బాల్‌వి లేకర్స్, క్లిప్పర్స్, హాకీది కింగ్స్. మూడూ ప్లేఆఫ్‌ల్లోకి వచ్చాయి. 17వ తేదీ గురువారం నుంచి 20 ఆదివారం దాకా నాలుగు రోజుల్లో ఆరు ఆటలు ఆ ఒక్క భవనంలోనే జరగాలి. శనివారం మధ్యాహ్నం ఒక ఆట, రాత్రి ఒక ఆట. ఆదివారం మధ్యాహ్నం హాకీ, సాయంత్రం బాస్కెట్‌బాల్.

మరి మంచుని ఏంచేస్తారు అనుకుంటున్నారా? ఏమీ చెయ్యరు, అది అక్కడే ఉంటుంది. మంచు చుట్టూ ఉన్న అద్దాలు, గట్టు ఊడదీస్తారు. చలి పైకి తగలకుండా మంచు మీద దళసరి పలకలు పరుస్తారు. వాటి మీద బాస్కెట్‌బాల్ చెక్కనేలను ముక్కలుముక్కలుగా తెచ్చి, అంకెలు చూసుకుంటూ బిగిస్తారు. కుర్చీల వరసలు ముందుకు జరుపుతారు. ఆట ముగిశాక అంతా తిరగేసి మొదలు. చెక్కనేల మీద ఏడడుగుల మనుషులు గెంతుతుంటే కింద మంచు అలాగే పడుకుని ఉంటుంది. రైల్వేలో ఒకే ప్లాట్‌ఫారం మీదికి ఆలస్యమైన బండ్లు వరసగా వచ్చిపడిన రాత్రులు చూసినవాణ్ణి కాబట్టి, ఆ నాలుగు రోజులు ఆ భవనంలో పనిచేసినవాళ్లకే కప్పు ఇవ్వాలంటాను నేను. కప్పు మాత్రం కింగ్స్‌కే వచ్చింది, అదే వాళ్లకు మొదటిసారి.

స్టేడియం తర్వాత టీవీ. అమెరికా వాళ్లకు ఒక లెక్క, కెనడా వాళ్లకు ఒక లెక్క, మాంట్రియల్‌లో ఫ్రెంచి టీవీకి ఇంకో లెక్క. పైగా గడియారాలు. టొరంటోలో రాత్రి పదయితే ఎడ్మంటన్‌లో ఎనిమిది, వాంకూవర్‌లో ఏడు. తూర్పు చివర న్యూఫౌండ్‌లాండ్ అనే దీవిలో పదకొండున్నర. అరగంట లెక్క మనకే ఉందనుకునేవాణ్ణి, వాళ్లకీ ఉంది. పశ్చిమాన ఆట మొదలయ్యేసరికి ఆ దీవి సగం నిద్రలో ఉంటుంది.

కెనడాలో ఈ పట్టిక ముందు రాజకీయాలు కూడా తలవంచుతాయి. 2011 ఎన్నికల్లో పార్టీ నాయకుల ఫ్రెంచి చర్చ ఏప్రిల్ 14న అనుకున్నారు. ఆ రాత్రే మాంట్రియల్ జట్టుకు బోస్టన్‌తో మొదటి ప్లేఆఫ్ ఆట. చర్చని ఒకరోజు ముందుకు జరిపారు. 2025లోనూ ఇదే కథ. ఏప్రిల్ 16న చర్చ, అదే రాత్రి మాంట్రియల్‌కు ప్లేఆఫ్ బెర్తు తేల్చే చివరి లీగ్ ఆట. ఈసారి ఎనిమిదింటికి ఉన్న చర్చని ఆరింటికి మార్చేశారు. ప్రధానమంత్రి కావాలనుకున్నవాళ్లు ఆరింటికే వచ్చి మాట్లాడి వెళ్లారు. మాంట్రియల్ 4-2తో గెలిచి లోపలికొచ్చింది. క్రికెట్ ఉందని మనవాళ్లు బహిరంగసభ వేళ మార్చుకోవడం విన్నాం గానీ, ఇంత అధికారికంగా ఎప్పుడూ వినలేదు.

ఇన్ని తంటాలు పడి మొదలయ్యే వేళ రాస్తారా, ముగిసే వేళ రాయడం మాత్రం ఎవరి వల్లా కాదు. మామూలు లీగ్ ఆటల్లో స్కోరు సమమైతే అయిదు నిమిషాలు అదనంగా ఆడిస్తారు. అప్పటికీ తేలకపోతే ఒక్కొక్కరిచేత గోలీ మీదికి కొట్టించి తేల్చేస్తారు. ప్లేఆఫ్‌లో అదేమీ లేదు. ఇంకో ఇరవై నిమిషాలు అసలు ఆటే ఆడాలి, దాన్ని ఓవర్‌టైమ్ అంటారు. అందులోనూ గోల్ పడకపోతే మరో ఇరవై. ఎవరు ముందు గోల్ కొడితే అప్పటికి ఆట ముగిసినట్టు. ప్లేఆఫ్‌ల్లో నాకు అన్నిటికంటే నచ్చిన నియమం ఇదే. అలసిపోయారని ఆటను చీట్లేసి తేల్చరు.

1936 మార్చి 24న మాంట్రియల్‌లో డెట్రాయిట్‌కూ మరూన్స్ అనే జట్టుకూ ఆట మొదలైంది. అరవై నిమిషాలకు సున్నా, సున్నా. ఒక ఓవర్‌టైమ్, రెండు, మూడు, నాలుగు, అయిదు. గోల్ లేదు. ఆరో ఓవర్‌టైమ్‌లో మడ్ బ్రూనెటో అనే కొత్త కుర్రాడు గోల్ కొట్టాడు. అప్పటికి తెల్లవారుజాము రెండుంపావు దాటింది. మంచు మీద ఆడింది 176 నిమిషాల 30 సెకన్లు. మూడు ఆటలకు కేవలం మూడున్నర నిమిషాలు తక్కువ. ఆ రికార్డు ఇప్పటికీ చెక్కుచెదరలేదు.

కరోనా ఏడాదిలో దానికి కాస్త దగ్గరిగా వచ్చారు. 2020 ఆగస్టులో ఆటలన్నీ టొరంటో, ఎడ్మంటన్ నగరాల్లో ప్రేక్షకులు లేకుండా పెట్టారు. టొరంటోలో ఒకే స్టేడియం, రోజంతా ఒకదాని వెనక ఒకటి. ఆగస్టు 11 మధ్యాహ్నం మూడింటికి టాంపా బే, కొలంబస్ ఆట మొదలైంది. రాత్రి ఎనిమిదింటికి బోస్టన్, కరోలినా ఆడాలి. మొదటి ఆట అయిదు ఓవర్‌టైమ్‌లకు పోయింది. కొలంబస్ గోలీ కోర్పిసాలో 85 షాట్లు ఆపి కూడా ఓడిపోయాడు. బోస్టన్, కరోలినా జట్లు అన్నీ తగిలించుకుని కూర్చుని కూర్చుని, చివరికి ‘రేపు పొద్దున పదకొండింటికి రండి’ అనిపించుకుని వెళ్లిపోయాయి. ముందు బండి ఔటర్‌లో ఆగిపోతే వెనక బండి గతి ఏమవుతుందో నాకు బాగా తెలుసు.

అసలు ఆట మధ్యలో ఆగిపోతే? అదీ జరిగింది. 1988 మే 24, బోస్టన్‌లో ఫైనల్ నాలుగో ఆట. ఎడ్మంటన్ అప్పటికే మూడు గెలిచి ఉంది. పాత బోస్టన్ గార్డెన్ స్టేడియానికి ఏసీ లేదు. మే ఉక్కపోతకు మంచు మీద నుంచి పొగమంచు లేచింది. ఆటగాళ్ల మోకాళ్ల దాకా తెల్లగా కమ్మేసింది. ఆ మసకలోనే రెండో భాగం చివరిదాకా ఆడుకొచ్చారు. ఎడ్మంటన్ గోల్ కొట్టి స్కోరు 3-3 చేసింది. అంతలో కరెంటు పోయింది. హాలంతా చీకటి. పద్నాలుగు వేలమందిని బయటికి పంపేశారు.

ఇప్పుడు ఆ ఆటను ఏంచెయ్యాలి? నిబంధన పుస్తకం తీశారు. దాని ప్రకారం, ఆగిపోయిన ఆటను సిరీస్ చివర్లో, అవసరమైతే, మొదటినుంచి ఆడించాలి. అంటే సగానికి పైగా ఆడేసిన ఆటకు తిరిగి చుక్క పెట్టారు! రెండు రోజుల తర్వాత ఎడ్మంటన్‌లో ఆయిలర్స్ 6-3తో గెలిచి కప్పు ఎత్తుకున్నారు. బోస్టన్‌లో ఆగిన ఆట అవసరం ఇక రాలేదు. మేటి ఆటగాడు వేన్ గ్రెట్స్‌కీ ఎడ్మంటన్ చొక్కాతో ఆడిన చివరి ఆట కూడా అదే అయింది. ఆగస్టులో అతన్ని లాస్ ఏంజిలిస్‌కు ఇచ్చేశారు. ఎడ్మంటన్‌లో పెద్దవాళ్లు ఇప్పటికీ ఆ మాట ఎత్తితే ముఖం మాడ్చుకుంటారు.

అంతకు ముందెప్పుడో, 1919లో, ఫైనల్ మొత్తానికే ముగింపు లేకుండా పోయింది. సియాటిల్‌లో ఆ ఊరి జట్టు మాంట్రియల్ జట్టుతో ఆడుతోంది. లోకమంతా స్పానిష్ ఫ్లూ. ఏప్రిల్ 1న తేల్చే ఆట ఆడాల్సి ఉండగా మాంట్రియల్ ఆటగాళ్లు చాలామంది జ్వరాలతో మంచం పట్టారు. ఆట రద్దయింది. వాళ్లలో జో హాల్ అనే ఆటగాడు నాలుగు రోజులకు ఆస్పత్రిలో చనిపోయాడు. స్టాన్లీ కప్పు మీద ఆ ఏడాది దగ్గర రెండు జట్ల పేర్లూ చెక్కి, సిరీస్ పూర్తి కాలేదని రాశారు.

ఇక ఎవరి ఊళ్లో ఎన్ని ఆటలు అన్న లెక్క. లీగ్‌లో మెరుగ్గా ఆడిన జట్టు ఊళ్లో మొదటి రెండు, అవతలి ఊళ్లో రెండు, తర్వాత ఇక్కడొకటి, అక్కడొకటి, ఏడోది మళ్లీ ఇక్కడ. సొంత ఊరంటే చప్పట్లొక్కటే కాదు. ఆట ఆగినప్పుడల్లా ఆటగాళ్లను ఆఖరుగా మార్చుకునే హక్కు ఇంటి జట్టు కోచ్‌ది. అవతలివాడు ఎవర్ని దింపాడో చూసి మరీ తనవాళ్లను పంపుతాడు. 2025లో విన్నిపెగ్, సెయింట్ లూయిస్ జట్లు ఏడు ఆటలూ ఆడితే, ఏడింటిలోనూ ఏ ఊళ్లో ఆడితే ఆ ఊరి జట్టే గెలిచింది. ఏడో ఆటలో విన్నిపెగ్ రెండు సెకన్లు కూడా మిగలని క్షణంలో స్కోరు సమం చేసి, రెండో ఓవర్‌టైమ్‌లో గట్టెక్కింది. 1984, 85 ఫైనల్స్‌లో తిరుగుడు తగ్గించాలని రెండు, మూడు, రెండు అని పెట్టి చూశారు. మధ్యలో మూడూ ఒకే ఊళ్లో ఆడితే, మొదటి రెండింటికి ఊరిచ్చిన జట్టు మళ్లీ ఇంటి మొహం చూడకుండానే పోవచ్చు. 84లో న్యూయార్క్ ఐలాండర్స్‌కి జరిగింది అదే. మానేసి మంచిపని చేశారు.

అయితే తిరుగుడు తిరుగుడే. 2024 ఫైనల్ ఎడ్మంటన్‌కీ ఫ్లోరిడాకీ పడింది. కెనడా పశ్చిమం నుంచి అమెరికా అడుగుదాకా నాలుగు వేల కిలోమీటర్ల పైచిలుకు. జూన్ 8, 10 ఫ్లోరిడాలో, 13, 15 ఎడ్మంటన్‌లో. మొదటి మూడూ ఫ్లోరిడావే. మా అబ్బాయి ఫోన్ చేసి “నాన్నా, అయిపోయింది, పడుకో” అన్నాడు. నాలుగో ఆటలో ఆయిలర్స్ 8-1తో గెలిచారు. 18న ఫ్లోరిడా వెళ్లి అయిదోది, 21న ఇంటికొచ్చి ఆరోది కూడా గెలిచారు. చుక్కలన్నీ ఒక్కొక్కటే చెరిగిపోయి, 24 రాత్రి ఏడో ఆట ఖాయమైంది. ఫైనల్లో మూడు ఓడి నాలుగు గెలిచిన జట్టు చరిత్రలో ఒక్కటే ఉంది, 1942లో టొరంటో.

అక్కడ 24 రాత్రి ఎనిమిదంటే ఇక్కడ 25 తెల్లవారి అయిదున్నర. ఆ ముందు రాత్రే మనకు టీ20 ప్రపంచకప్‌లో ఆస్ట్రేలియాతో ఆట. రోహిత్ శర్మ 41 బంతుల్లో 92 కొట్టిన రాత్రి. అది చూసి పడుకునేసరికి అర్ధరాత్రి. అయిదింటికి లేచి కూర్చుంటే మా ఆవిడ టీ గ్లాసు ముందు పెట్టి, “పరీక్షలకు కూడా ఇలా లేచి ఉండరు మీరు” అని తన పనిలోకి పోయింది. నా ఫోనులో హాకీ, హాల్లో టీవీలో ఆరింటికి అఫ్ఘానిస్తాన్, బంగ్లాదేశ్ క్రికెట్ మొదలైంది. అక్కడ వాన పడి ఆగినప్పుడల్లా ఇక్కడ పక్ కదిలేది. ఇక్కడ విరామం వస్తే అక్కడ వికెట్ పడేది. అఫ్ఘానిస్తాన్ గెలిచి సెమీఫైనల్‌కు వెళ్లింది. ఎడ్మంటన్ 2-1తో ఓడిపోయింది. ఓడిన జట్టులో ఉండి కూడా కానర్ మెక్‌డేవిడ్‌కి ప్లేఆఫ్‌ల ఉత్తమ ఆటగాడి బహుమతి ఇచ్చారు, అతను తీసుకోవడానికి మంచు మీదికే రాలేదు. నాకైతే అది తప్పనిపించలేదు. మరుసటి ఏడాది మళ్లీ అవే రెండు జట్లు, మళ్లీ ఫ్లోరిడాయే. 1993లో మాంట్రియల్ గెలిచాక 2025 దాకా కెనడా జట్టేదీ ఆ కప్పు ముట్టలేదు.

ఈ పట్టిక మీద నాకొక ఫిర్యాదుంది. 2014 నుంచి జంటల్ని డివిజన్ల వారీగా కడుతున్నారు. పక్కపక్క ఊళ్ల మధ్య వైరం పెరగాలని. పెరిగే మాట నిజమే గానీ, చూసిన ముఖాలే మళ్లీ మళ్లీ చూడాలి. 2022 నుంచి 2025 దాకా నాలుగేళ్లూ మొదటి అంచెలో ఎడ్మంటన్, లాస్ ఏంజిలిస్ జట్లే తలపడ్డాయి. నాలుగుసార్లూ ఎడ్మంటనే గెలిచింది. టొరంటోకు 2018, 2019, 2024లో మొదటి అంచెలోనే బోస్టన్ తగిలింది, మూడుసార్లూ ఏడో ఆట దాకా వెళ్లి మూడుసార్లూ ఓడింది. మా అబ్బాయి నాతో ఒప్పుకోడు. “వైరం లేకపోతే ప్లేఆఫ్ ఎందుకు నాన్నా” అంటాడు. గెలిచే ఊళ్లో ఉన్నవాడు అలాగే అంటాడు. లాస్ ఏంజిలిస్ వాణ్ణి అడగాలి.

రేడియోలో మాట్లాడుతూ రేడియో ఊసెత్తకపోతే బాగుండదు. 1923లో టొరంటోలో ఫాస్టర్ హ్యూయిట్ అనే కుర్ర విలేకరి ఇరుకు అద్దాలపెట్టెలో కూర్చుని, టెలిఫోనులో హాకీ వ్యాఖ్యానం చెప్పాడు. తర్వాత కొన్ని దశాబ్దాలు కెనడాలో శనివారం రాత్రి అంటే ఆయన గొంతే. ఆ దేశం హాకీని చూడటానికి ముందు వింది. 2008 నుంచి ఆ వ్యాఖ్యానం పంజాబీలో కూడా వస్తోంది. మొదట్లో హర్‌నారాయణ్ సింగ్ వారం వారం సొంత ఖర్చుతో కాల్గరీ నుంచి టొరంటోకు విమానంలో వెళ్లి చెప్పేవాడు. 2016 ఫైనల్ మొదటి ఆటలో పిట్స్‌బర్గ్ ఆటగాడు బొనీనో గోల్ కొట్టగానే, ఆ పేరునే ఊపిరి ఆడకుండా పదేపదే పాడేశాడు. పంజాబీ ముక్క రానివాళ్లు కూడా అది విని ఊగిపోయారు. పిట్స్‌బర్గ్ కప్పు గెలిచాక ఊరేగింపుకు ఆ పంజాబీ వ్యాఖ్యాతలను పిలిపించుకుంది. మనవాళ్లు టొరంటో పక్కన బ్రాంప్టన్‌లో, మిస్సిసాగాలో, కాల్గరీలో, ఎడ్మంటన్‌లో ఇంతమంది ఉన్నారు. తెలుగులో ఒక గొంతు ఎందుకు ఉండకూడదు? గోల్ పడ్డప్పుడు వెయ్యాల్సిన కేక మన దగ్గర లేకపోలేదు.

2026 శరత్తులో మొదలయ్యే సీజన్ నుంచి ఒక్కో జట్టుకు లీగ్ ఆటలు 82 నుంచి 84కు పెంచుతున్నారు. సన్నాహక ఆటలు తగ్గించి ఆ రోజులు సర్దుతారట. సర్దితే మంచిదే. జూన్ మూడోవారం దాటి ప్లేఆఫ్‌లు సాగితే నాకు నచ్చదు. ఫ్లోరిడాలో ఆ ఎండలకు మంచు నిలబెట్టడమే ఒక పోరాటం.

చివరగా, పిల్లలు అక్కడ ఉన్న అమ్మానాన్నలకు ఒక్క మాట. ఏప్రిల్ నుంచి జూన్ దాకా తూర్పు వేళకు తొమ్మిదిన్నర గంటలు కలపండి. టొరంటో సాయంత్రం ఏడు అంటే మనకు తెల్లవారి నాలుగున్నర. ఎడ్మంటన్ రాత్రి ఎనిమిది అంటే పొద్దున ఏడున్నర. మనం కాఫీ తాగి పిల్లలకు ఫోన్ చేద్దామనుకునే వేళ సరిగ్గా అదే. ఆట నడుస్తుండగా చేస్తే “ఊఁ, ఊఁ” అనడమే తప్ప మాట్లాడరు. భాగానికీ భాగానికీ మధ్య పావుగంట పైన విరామం ఉంటుంది. నాలుగున్నర ఆటకైతే మొదటి విరామం అయిదుంపావు ప్రాంతంలో, రెండోది ఆరుంపావు ప్రాంతంలో వస్తుంది. ఆ వేళ చేస్తే వాళ్లే సంతోషంగా ఎత్తుతారు, పెళ్లి సంబంధం మాట కూడా ఎత్తవచ్చు. అవతలనుంచి “ఓవర్‌టైమ్” అన్న మాట వినబడిందా, ఫోన్ పెట్టేసి మీ పని మీరు చూసుకోండి. ఎప్పటికి అవుతుందో వాళ్లూ చెప్పలేరు.